‘వస్తున్నా’ పాట వచ్చిన వైనం

పళ్ళ డాక్టరు గదిలో, వెనక్కి వాలే ఆ పెద్ద కుర్చీ పక్కన నిలబడి ఇరవై రెండేళ్ళుగా ఆవిడ చెబుతున్న మాట ఒక్కటే: “నొప్పేం ఉండదండీ.” గొంతు పెంచకుండా, దూదితో అద్దినట్టు చెబుతుంది. చెబుతూనే ఒక చేత్తో ఉమ్మి లాగే గొట్టాన్ని పెదవి మూలన తగిలిస్తుంది, రెండో చేత్తో డాక్టరుకు కావలసిన పనిముట్టును ఆయన అడక్కముందే అందిస్తుంది. అంత మెత్తటి మనిషి ఆదివారం వస్తే కరెంటు గిటారు భుజాన వేసుకుని, కిటికీ అద్దాలు అదిరేటట్టు పాడుతుందంటే మొదట్లో ఎవరూ నమ్మేవాళ్ళు కాదు. “వారమంతా పళ్ళు తొలిచే మిషను మోత వింటాను కదా. ఎక్కడో ఒకచోట దాన్ని తిరిగి కక్కెయ్యాలి మరి” అని ఆవిడే నవ్వుతూ చెప్పేది.

ఆవిడను అందరూ వదిన అంటారు. అలా పిలిచే హక్కు నిజానికి ఒక్కరికే ఉంది, భర్త చెల్లెలికి. ఆ చెల్లెలు సిటీ బస్సు నడుపుతుంది. ఆమె నోట “వదినా, వదినా” అని వినీ వినీ డిపోలో డ్రైవర్లూ కండక్టర్లూ, చివరికి ఆవిడకంటే పదేళ్ళు పెద్దవాడైన గేటు కాపలా ఆయన కూడా వదినా అనే అలవాటుపడ్డారు. కాబట్టి ఈ కథలో కూడా ఆవిడ వదిన, ఈమె మరదలు. ఇద్దరూ కలిసి ఒక రాక్ జంట. పేరు ‘ఎడాపెడా’.

ఏడేళ్ళ కిందట ఇల్లు మారిపోతున్న పేషెంటొకాయన “దీన్ని మోసుకుపోలేను, ఎవరికైనా పనికొస్తుందేమో చూడండి” అని ఒక పాత గిటారు క్లినిక్కులో వదిలేసి వెళ్ళాడు. డాక్టరు దాన్ని అటూ ఇటూ తిప్పి చూసి, “దీనికేం చెయ్యమంటాడు, పన్ను పీకమంటాడా?” అన్నాడు. వదిన ఇంటికి తెచ్చుకుంది. ఆవిడ భర్త పెద్ద గ్రంథాలయంలో పుస్తకాలు బైండు చేస్తాడు. చిరిగిపోయి పక్కన పడేసిన గిటారు పాఠాల పుస్తకం ఒకటి ఉంటే, దాన్ని కుట్టి, అట్ట వేసి తెచ్చి పెళ్ళాం చేతిలో పెట్టాడు. అందులో నలభయ్యో పేజీ తర్వాత పన్నెండు పేజీలు లేవు. ఆ పన్నెండు పేజీల్లో ఏం నేర్పారో వదినకు ఈనాటికీ తెలియదు. ఆ లోటును గట్టిగా వాయించి పూడ్చుకుంటుంది.

డ్రమ్ముల సంగతి వేరు. డిపో వాళ్ళు ఎప్పుడో కవాతు బ్యాండు పెడదామని కొని, పెట్టకుండా మూల పడేసిన డ్రమ్ములు విశ్రాంతి గది వెనక దుమ్ము కొట్టుకుని ఉండేవి. మరదలు ఒకరోజు వాటిని దులిపి వాయించి చూసింది. “కాళ్ళూ చేతులూ నాలుగూ నాలుగు పనులు చెయ్యడం నాకేమన్నా కొత్తా వదినా? క్లచ్చు, బ్రేకు, గేరు, స్టీరింగు. ఇదీ అంతే” అంది. మొదటిసారి ఇద్దరూ కలిసి వాయించినప్పుడు ఎలా ఉందని బైండరును అడిగితే ఆయన బాగా ఆలోచించి, “ఎడాపెడా వాయించేశారు” అన్నాడు. పేరు అలా వచ్చింది.

ఇక ఆ బైండరు గురించి చెప్పుకోవాలి. ఆయన మంచితనానికి వంక పెట్టేవాళ్ళు లేరు. నిదానానికి మాత్రం దణ్ణం పెట్టాల్సిందే. గ్రంథాలయంలో ఆయన్ని చాటున నిదానంగారు అనేవాళ్ళు. “ఏమండీ, భోజనానికి రండి” అంటే “వస్తున్నా” అంటాడు. అబద్ధమేం కాదు, నిజంగానే బయల్దేరతాడు. కాకపోతే దారిలో చొక్కా గుండీ వదులైందని గమనిస్తాడు. దారం కోసం పెట్టె తీస్తాడు. పెట్టెలో ఎర్రదారం, నల్లదారం చిక్కుపడి కనిపిస్తాయి. వాటిని విడదీస్తూ కూర్చుంటాడు. పెళ్ళయిన కొత్తలో సినిమాకు వెళ్దామని వదిన హాలు దగ్గర నిలబడితే, ఆయన ఇంటర్వెల్‌కు చేరాడు. మొదటి సగం కథ ఆవిడ చెవిలో చెప్పింది. అది బాగుందని మిగతా సగం కూడా ఆవిడనే చెప్పమన్నాడు, తెర వంక చూడకుండా.

పాట పుట్టింది కూడా ఆయన నిదానం వల్లే. ఒక వానాకాలపు సాయంత్రం వదినా మరదళ్ళు పెద్ద డ్రమ్ము మోసుకుని డిపో నుంచి వస్తుంటే వాన ముంచుకొచ్చింది. ఒక కొట్టు చూరు కింద నిలబడి బైండరుకు ఫోను చేశారు, పెద్ద గొడుగు తెమ్మని. “వస్తున్నా” అన్నాడు. పది నిమిషాలకు మళ్ళీ చేశారు. “వస్తున్నా.” మూడోసారి చేసేటప్పటికి వాన వెలిసిపోయింది. నాలుగోసారి చేసేటప్పటికి ఎండ కాసి రోడ్డు ఆరడం మొదలైంది. మరదలికి అరికాలి మంట నెత్తికెక్కింది. చేతిలో పుల్లలతో డ్రమ్ము మీద దబదబ బాదుతూ “వస్తున్నా, వస్తున్నా” అని అన్నయ్య గొంతు పెట్టి అరిచింది. వదిన నవ్వు ఆపుకోలేక గోడకు ఆనుకుంది. ఆ బాదుడే పాటకు మొదలైంది. ఇంటికి వెళ్ళేలోగా రెండు చరణాలు మరదలే కట్టేసింది:

వస్తున్నా అన్నావు, వాన వెలిసింది
వస్తున్నా అన్నావు, వీధి ఎండింది
నిలబడ్డ కాళ్ళకు వేళ్ళు మొలిచాయి
రావయ్యా రా, ఇకనైనా రా

బస్సు నడిపే మనిషి కదా, రెండో చరణం నిండా మలుపులూ స్టాపులూ వచ్చిపడ్డాయి. మూడో చరణం వదిన రాసింది. అది రాయడానికి మాత్రం వారం పట్టింది.

నెలరోజులు డిపో విశ్రాంతి గదిలో సాధన చేశాక మరదలు తేల్చేసింది. “వదినా, దీన్ని రికార్డు చేద్దాం. ఊరికే ఫోన్లో కాదు. నిజం రికార్డు. ఒక పక్క మన పాట, రెండో పక్క మాటల్లేకుండా అదే పాట. సింగిలంటారు దాన్ని.”

“నువ్వు చెప్పినంత తేలికేమిటే? ఎక్కడ చేస్తాం, ఎవరు చేస్తారు?”

“చెవులాయన ఉన్నాడుగా.”

చెవులాయన అంటే వాళ్ళ వీధి చివరింటాయన. రేడియోలో ముప్ఫై ఏళ్ళు సౌండింజనీరుగా చేసి రిటైరయ్యాడు. పక్కింట్లో ఫ్రిజ్ ఆగితే ఇక్కడ తలెత్తి చూసే రకం. ఆయన ఊరంతా తిరిగి చివరకు ఎంచిన చోటు బైండరు పనిగదే. గ్రంథాలయం కింది అంతస్తులో ఉంటుంది. గోడల వెంట అట్టల దొంతరలు, చుట్టలు చుట్టిన గుడ్డ తానులు, విప్పిన పుస్తకాల కట్టలు. ఆయన గది మధ్యలో నిలబడి ఒక చప్పట కొట్టి, చెవి రిక్కించి, “ఇంత మెత్తగా చప్పుడు మింగే గది డబ్బు పోసి కట్టించినా దొరకదు” అన్నాడు. ఆదివారాలు గ్రంథాలయానికి సెలవు. తాళం బైండరు దగ్గరే ఉంటుంది. గ్రంథాలయం పెద్దాయన అనుమతి అడిగి, వరుసగా రెండు ఆదివారాలు గది తీసుకున్నారు.

మొదటి ఆదివారం పొద్దుటంతా వైర్లు లాగడానికే సరిపోయింది. గిటారు మోత పెంచే స్పీకరు పెట్టెను పుస్తకాల బీరువాల మధ్య నడవాలో పెట్టారు. ట్యూబులైటు గుయ్యిమంటోందని చెవులాయన ఆర్పించాడు. పైనున్న చిన్న కిటికీలోంచి వచ్చే వెలుతురే దిక్కు. బైండరు వాళ్ళకు అడ్డం రాకుండా మూల బల్ల దగ్గర కూర్చుని, ఊరికే ఉండలేక, ఏదో లావుపాటి పుస్తకం కుట్టుకుంటున్నాడు. అంతవరకూ ఆయన ఈ పాట మాటలతో సహా వినలేదు. సాధనంతా డిపోలోనే జరిగింది. వదినా మరదళ్ళు ఒకరినొకరు చూసుకుని ముసిముసిగా నవ్వుకున్నారు. ఆయన ముఖం ఎలా మారుతుందో చూడాలని వాళ్ళ సరదా.

కానీ పాట ఒక పట్టాన కుదరలేదు. మరదలు మొదలుపెట్టినప్పుడు సరిగ్గానే మొదలుపెడుతుంది. రెండో చరణానికి వచ్చేసరికి పరుగందుకుంటుంది. మూడోది వచ్చేసరికి వదిన మాటలు మింగేసి గస పెట్టాల్సి వస్తుంది.

“ఎందుకమ్మా అంత తొందర?” అన్నాడు చెవులాయన, ఐదోసారి ఆపి.

“టైముకు డిపో చేరకపోతే నా మీద రిపోర్టు రాస్తారండీ. పదేళ్ళ అలవాటు. కాలు దానంతటదే తొక్కేస్తుంది.”

చెవులాయన కాసేపు తల పట్టుకున్నాడు. తర్వాత ఆయన చూపు మూల బల్ల మీద పడింది. బైండరు సూది దించుతున్నాడు, దారం లాగుతున్నాడు, పేజీ తిప్పుతున్నాడు. మళ్ళీ సూది, మళ్ళీ దారం. గడియారం పెట్టి కొలిచినా రవ్వంత తేడా రాదు.

“అమ్మాయ్, నువ్వు డ్రమ్ముల వంక చూడకు. మీ అన్నయ్య చెయ్యి చూసి వాయించు.”

ఎనిమిదోసారి మరదలు కళ్ళు అన్నయ్య చేతి మీద నిలిపి వాయించింది. సూది దిగినప్పుడు పెద్ద డ్రమ్ము, దారం లాగినప్పుడు చిన్న డ్రమ్ము. పాట బరువుగా, తొణక్కుండా, పెద్ద జంతువేదో నడిచి వస్తున్నట్టు వచ్చింది. ఆ నడక మీద వదిన గొంతు విప్పి పాడింది. గిటారు మీటిన ప్రతిసారీ అట్టల దొంతరల మీది దుమ్ము లేస్తోంది. పాట అయిపోయాక చెవులాయన వేలు పెదవి మీద పెట్టి, చివరి మోత పూర్తిగా అణిగేదాకా ఎవర్నీ కదలనివ్వలేదు. అప్పుడు మీట నొక్కి, “ఇదే. ఇక దీన్ని ముట్టుకోకండి” అన్నాడు.

ఇద్దరూ ఒక్కసారే బైండరు వైపు తిరిగారు. ఆయన సూది పక్కన పెట్టి, కళ్ళజోడు తీసి తుడుచుకుంటున్నాడు. కళ్ళు చెమర్చి ఉన్నాయి.

“ఎంత బాగా పట్టుకున్నారు” అన్నాడు. “బస్సు కోసం నిలబడేవాళ్ళ బాధ ఇంత బాగా ఎవరు చెప్పారు? ‘నిలబడ్డ కాళ్ళకు వేళ్ళు మొలిచాయి’ అట. చెల్లీ, నువ్వు బస్సు లోపల కూర్చుని నడుపుతావు కదా, బయట నిలబడేవాళ్ళ గురించి ఇంత ఆలోచిస్తావని నాకు తెలీదమ్మా.”

మరదలు నోరు తెరిచింది. వదిన ఆమె కాలు తొక్కింది. చెవులాయన ముగ్గురి ముఖాలూ చూసి, హెడ్‌ఫోన్లు మళ్ళీ తగిలించుకుని కిమ్మనకుండా వైర్లు చుట్టుకోసాగాడు.

బయటికొచ్చాక మరదలు వదిన చెయ్యి పట్టుకుని ఆపింది. “చెప్పేద్దామా?”

“ఎలా చెప్తామే? ఆయన కళ్ళు చూశావా?”

“చెప్పకపోతే రేపు ఇంకెవరైనా చెప్తారు వదినా.”

“నేనే చెప్తాలే. సమయం చూసి.”

ఆ సమయం రాలేదు. వదిన రోజూ అనుకునేది. అన్నం వడ్డిస్తూ అనుకునేది, బట్టలు ఆరేస్తూ అనుకునేది. “ఏమండీ” అని మొదలుపెట్టేది కూడా. ఆయన పని ఆపి, తలెత్తి, పూర్తిగా ఆవిడ వైపు తిరిగి “చెప్పు” అనేవాడు. అలా తిరిగి చూసే మనిషితో ఆ మాట నోట రాక, “పాలు తెచ్చారా?” అని అడిగి ఊరుకునేది.

ఈలోగా పాటను పక్క ఊళ్ళోని రికార్డుల ఫ్యాక్టరీకి పంపారు. ఆరు వారాలకు రెండు వందల చిన్న నల్ల రికార్డులు తెల్ల కాగితపు సంచుల్లో వచ్చాయి. చెవులాయన ఇంట్లో పాత ప్లేయరు మీద ఒకటి పెట్టి విన్నారు. సూది దిగిన చరచరలోంచి తమ పాటే మొదలవడంతో మరదలు ఆయన కుర్చీ చుట్టూ రెండుసార్లు గంతులేసి వచ్చింది. పైకవర్లు అచ్చొత్తించే మాట రాగానే బైండరు, “బయటికెందుకు? నేను చేస్తాను” అన్నాడు. వదినా మరదళ్ళు కేలండరు వంక చూశారు. విడుదల రోజు అప్పటికే డిపో హాల్లో ఖాయమైంది, వచ్చే నెల రెండో ఆదివారం సాయంత్రం నాలుగింటికి. ఆ రోజే పాటను ఇంటర్నెట్లో కూడా పెట్టాలి. అయినా ఆ ముఖం చూసి ఎవరు కాదనగలరు?

ఆయన ముందు డిపో గేటు దగ్గర నాలుగు రోజులు నిలబడి బస్సును అన్ని వైపుల నుంచీ చూసి గీసుకున్నాడు. తర్వాత అచ్చు దిమ్మ కోసం మెత్తటి లినోలియం పలక తెచ్చి ఉలితో చెక్కడం మొదలుపెట్టాడు. తొమ్మిది రోజులు చెక్కి, సిరా పూసి, మొదటి అచ్చు తీస్తే బస్సు నంబరు తిరగబడి వచ్చింది. అచ్చులో కుడి ఎడమవుతుందని యాభై ఏళ్ళ బైండరు ఆ తొందరలో మరిచిపోయాడు. ఆయన జీవితంలో తొందరపడిన సందర్భం అదొక్కటే అని మరదలు ఇప్పటికీ అంటుంది. ఇంకో పలక తెచ్చాడు, ఇంకో తొమ్మిది రోజులు.

రెండో అచ్చు బ్రహ్మాండంగా వచ్చింది. వదిన దాన్ని చేతిలోకి తీసుకుని చూసింది. మలుపు తిరుగుతున్న బస్సు. కిటికీల్లో ఒక్కో గీతతో ఒక్కో ముఖం. ముందు, స్టాపు గుంజ పక్కన, చేతిసంచి పట్టుకుని ఒక ఆడమనిషి. బరువంతా ఎడమ కాలి మీద మోపి, కుడి కాలు కొంచెం వంచి నిలబడింది. ఆ నిలబడే తీరును వదిన గుర్తుపట్టింది.

“ఇది నేనేనా?”

“మరెవరు? నిలబడే మనిషిని గీద్దామనుకుంటే నువ్వే కనపడ్డావు. రోజంతా నిలబడే ఉద్యోగం కదా నీది” అన్నాడాయన, ఉలికి అంటిన పొడి ఊదుతూ.

ఆ సాయంత్రం వదిన మరదలికి ఫోను చేసి ఏడ్చినంత పని చేసింది. “నా వల్ల కాదే తల్లీ. నువ్వే చెప్పు.” “నేనా? నా మీద నమ్మకంతో నాలుగు రోజులు గేటు దగ్గర నిలబడ్డాడు వదినా! మా వాళ్ళందరికీ పాట అర్థం విడమరిచి చెప్పాడు. వాళ్ళు నన్ను చూసి ఎలా నవ్వు ఆపుకుంటున్నారో నాకు తెలుసు.” ఇద్దరూ ఒకరి మీదికి ఒకరు తోసుకుంటుండగానే రెండో ఆదివారం వచ్చేసింది.

నూట అరవై కవర్లు ఆరి, మడిచి, అతికి సిద్ధమయ్యాయి. నలభై ఇంకా బల్ల మీద తడిగా ఉన్నాయి. మధ్యాహ్నం రెండింటికి మరదలు బైండరు గది గుమ్మంలో నిలబడి, “అన్నయ్యా, నలభై తక్కువైతే కొంపేం మునగదు, రా” అంది.

“అన్నీ ఒక్కసారే పెట్టాలమ్మా. కొన్ని కవరుతో, కొన్ని లేకుండా అంటే బాగుండదు. మీరు పదండి.”

డిపో హాలు అనుకున్నదానికంటే నిండింది. డ్యూటీ దిగి యూనిఫారాలతోనే వచ్చిన డ్రైవర్లు, గ్రంథాలయం వాళ్ళు, చెవులాయన, ముందు వరసలో పళ్ళ డాక్టరు. ఆయన ఆవిడ గొంతు గట్టిగా వినడం అదే మొదలు. నాలుగూ పదికి ఎడాపెడా మొదలుపెట్టింది. ముందు రెండు పాత పాటలు, తర్వాత కొత్తది. “రావయ్యా రా” దగ్గరికి వచ్చేసరికి హాలంతా గొంతు కలిపింది. పాట అయిపోయినా జనం ఊరుకోలేదు. కాళ్ళతో నేల తడుతూ “వస్తున్నా, వస్తున్నా” అని పాడుతూనే ఉన్నారు. పళ్ళ డాక్టరు లేచి నిలబడి చప్పట్లు కొడుతున్నాడు. మరదలు అందరి ముందే ఫోన్లో మీట నొక్కి పాటను ఇంటర్నెట్లోకి వదిలింది. సరిగ్గా అప్పుడే, మైకు కింద స్టూలు మీద పెట్టిన వదిన ఫోను మోగింది.

ఆవిడ రెండు చేతులూ గిటారు మీదే ఉన్నాయి. కంగారులో వేలు ఎక్కడో తగిలి ఫోను స్పీకరులోకి వెళ్ళింది. మైకు పక్కనే ఉంది.

“ఏమండీ, ఎక్కడున్నారు?”

“వస్తున్నా, వస్తున్నా. మలుపు దాకా వచ్చేశా.”

ఆ మాట హాలు నలుమూలలా వినపడింది. తర్వాత పైకప్పు ఎగిరిపోయేలా నవ్వులు. “ఓరి నాయనో, పాట ఈయన గురించా!” అని వెనక నుంచి గ్రంథాలయం వాళ్ళెవరో కేక పెట్టారు. నవ్వులు రెట్టింపయ్యాయి.

“ఏమిటది? ఎందుకు నవ్వుతున్నారు?” అని ఫోనులో ఆయన గొంతు. తర్వాత ఏమీ లేదు. ఫోను కట్టయింది.

వదిన గిటారుకున్న వైరు పీకేసి, గిటారు భుజాన ఉండగానే మెట్లు దిగి వీధిలోకి నడిచింది. మలుపు దగ్గర బస్సు స్టాపు బెంచీ మీద ఆయన కూర్చుని ఉన్నాడు. పక్కన రెండు అట్టపెట్టెలు. ఆవిడ వెళ్ళి పెట్టెలకు అవతల కూర్చుంది.

“బస్సు గురించి కాదన్నమాట” అన్నాడాయన.

“కాదండీ.”

“రెండు వందల కవర్ల మీద తప్పు బొమ్మ వేశాను. అచ్చు పడ్డాక ఇంకేం దిద్దుతాం?”

ఆవిడ ఆయన ముఖంలోకి చూసింది. “మీకు కోపం రాలేదా? అంతమంది నవ్వారు.”

“నవ్వితే నవ్వారు. లైబ్రరీలో నిదానంగారంటారని నాకు తెలీదా ఏమిటి? కానీ మీ ఇద్దరూ కూడా నవ్వుకుంటున్నారని తెలీదు.” ఆగి అన్నాడు, “అదే కొంచెం ఇదిగా ఉంది.”

వదిన కళ్ళు తుడుచుకుంది. “నవ్వుకోలేదు అనను. మొదట నవ్వుకునే రాశాం. వానలో గంటసేపు నిలబెట్టారు మమ్మల్ని.”

“నిలబెట్టాను” అని ఒప్పుకున్నాడు. “ఆ రోజు గొడుగు కమ్మీ ఒకటి ఊడింది. కుట్టి తెద్దామని.”

“ఊడిన గొడుగే తెస్తే పోయేది కదండీ!”

“తడుస్తారు కదా!”

ఇద్దరూ ఒకరినొకరు చూసుకున్నారు. ముందు ఆవిడకే నవ్వొచ్చింది. ఆయన నవ్వడానికి ఇంకొంచెం పట్టింది.

అంతలో బస్సొకటి వచ్చి ఆగింది. తలుపు తెరుచుకుంది. “ఏంటి వదినా, గిటారేసుకుని రోడ్డు మీద? ఎక్కుతావా?” అన్నాడు డ్రైవరు. ఆవిడ వెళ్ళమని చెయ్యూపింది. బస్సు కదిలి మలుపు తిరిగిపోయింది. ఆయన దానివైపే చూస్తూ అడిగాడు.

“ఆ చివరి చరణం కూడా నా మీదేనా? వెక్కిరింతేనా అది కూడా?”

“అది నేను రాశాను. ఒక్క మాట కూడా వెక్కిరింత లేదు.”

“ఒకసారి చెప్పు.”

ఆవిడ పాడలేదు. పేషెంటుతో మాట్లాడే గొంతుతో, ఆయనకు మాత్రమే వినపడేలా చెప్పింది.

ఎన్నో వచ్చాయి, ఆగాయి, పోయాయి
ఎక్కలేదు నేను, ఎక్కను నేను
నువ్వొచ్చేదాకా నేనిక్కడే
నువ్వొస్తావు, నాకు తెలుసు

ఆవిడ ఆయన్ని తొందరపెట్టలేదు. హాల్లోంచి ఎవరో వచ్చి గేటు దగ్గర నిలబడి చూసి మళ్ళీ లోపలికి వెళ్ళారు. ఆయన పెట్టె మూత తీసి, ఒక కవరు పైకి తీసి, బస్సును కాదు, పక్కన నిలబడ్డ మనిషిని చూశాడు.

“అయితే బొమ్మ మరీ అంత తప్పేం కాదులే” అన్నాడు. లేచి పెట్టె ఎత్తుకున్నాడు. “పద. నేను ఆ పాట బస్సనుకుని విన్నాను. నా గురించని ఇంకా వినలేదు.”

లోపలికి వెళ్ళేసరికి మరదలు డ్రమ్ముల వెనక ముఖం దాచుకుని కూర్చుంది. అన్నయ్యను చూడగానే గబగబా వచ్చి, “తిట్టు అన్నయ్యా, నాలుగు తిట్టు” అంది.

“తిట్లు ఆలోచించుకోవాలమ్మా. నెల పడుతుంది” అన్నాడాయన. మరదలు ఏడుపూ నవ్వూ కలిసిన ముఖంతో వెళ్ళి పుల్లలు అందుకుంది. ముందు వరసలో డాక్టరు జరిగి చోటిచ్చాడు. పాట మళ్ళీ మొదలైంది. ఈసారి హాలు గొంతు కలపలేదు, ఊరికే విన్నది. వదిన కళ్ళు మూసుకుని పాడలేదు. సూటిగా ఆయన్నే చూస్తూ పాడింది. చివరి చరణం దగ్గర ఆవిడ గొంతు ఒకచోట బీటవారింది. రికార్డులో ఆ బీట లేదు. అది విన్నది ఆ వేళ అక్కడున్న వాళ్ళే.

తర్వాత రికార్డులు పంచే పని బైండరే తీసుకున్నాడు. ఒక్కొక్కటీ కవరులో దూర్చి, అంచు సరిచూసి, వేలితో దుమ్ము తుడిచి అందించేవాడు. వరస హాలు దాటి, షెడ్డు దాటి బస్సులు కడిగే చోటుదాకా సాగింది. ఎవరూ విసుక్కోలేదు. బస్సుల వేళలు చూసే కంట్రోలరు మాత్రం గడియారం చూసుకుని, ఐదున్నర సర్వీసు పది నిమిషాలు ఆలస్యమని తానే చీటీ రాసుకున్నాడు.

పాట ఊళ్ళను ఊపేసిందని చెబితే అబద్ధమవుతుంది. ఇంటర్నెట్లో మొదటి నెల విన్నవాళ్ళలో సగం మంది డిపో వాళ్ళూ, వాళ్ళ బంధువులూ. స్థానిక రేడియోలో మధ్యాహ్నం పూట నాలుగుసార్లు వేశారు. గ్రంథాలయం ఒక కాపీ తీసుకుంది. దానికి గుడ్డ అంటించిన గట్టి పెట్టె చేయడానికి బైండరు నాలుగు రోజులు తీసుకున్నాడు. ఆ నాలుగు రోజులూ పైవాళ్ళు ఏమైందని అడగలేదు.

విడుదలైన మూడో వారంలో ఒక కుర్రాడు దవడ పన్ను తీయించుకోవడానికి క్లినిక్కుకు వచ్చాడు. ఎవరో వదినకు తెలియదు. భయంతో కుర్చీ చేతులు గట్టిగా పట్టుకున్నాడు. మత్తు సూది వేశాక, అది ఎక్కేదాకా ఆగమని డాక్టరు పక్క గదిలోకి వెళ్ళాడు. కుర్రాడు పైకప్పు చూస్తూ, తనను తాను మరిపించుకోవడానికి కాబోలు, కుర్చీ చేతి మీద వేళ్ళతో కొట్టుకోసాగాడు. ఒక బరువు దెబ్బ, ఒక తేలిక దెబ్బ. వదిన చేతిలో దూది అలాగే ఆగిపోయింది. అది సూదీ దారం నడక. ఎక్కడైనా గుర్తుపడుతుంది ఆవిడ.

నోరు సగం మొద్దుబారి, కుర్రాడు ముద్దముద్దగా అడిగాడు. “మీరెప్పుడైనా పాటలు వింటారా ఆంటీ?”

“అప్పుడప్పుడు” అంది వదిన. డాక్టరు గుమ్మంలోకి వచ్చి అది విని, దగ్గు వచ్చినట్టు గోడ వైపు తిరిగాడు. ఆవిడ అతని గడ్డం కింద గుడ్డ సర్ది, గొట్టం పెదవి మూలన తగిలించింది.

ఇప్పుడు రెండో సింగిలు పని నడుస్తోంది. మాటలు ఇంకా కుదరలేదు. రాగం ఉంది. గిటారు ముందు మొదలవ్వాలని వదిన, డ్రమ్ములే ముందని మరదలు రెండు ఆదివారాలుగా పంతం పట్టారు. నిన్న ఆ గొడవలో బైండరును తీర్పు చెప్పమన్నారు. ఆయన రెండు రకాలుగానూ వాయించమని, రెండూ పూర్తిగా విని, టీ తాగి, వచ్చే ఆదివారం చెబుతానన్నాడు.